ఇరవై ఏళ్ల హోమ్ లోన్: ఈఎంఐ చూపించని ఖర్చు ఎంత?

హోమ్ లోన్ కోసం నాలుగైదు బ్యాంకులు తిరిగినవాళ్లు పావు శాతం వడ్డీ తగ్గించుకోవడానికి గట్టిగానే బేరమాడతారు. ఈఎంఐ జీతంలో సర్దుకుంటుందో లేదో ఒకటికి రెండుసార్లు చూసుకుంటారు. లోన్ ఎన్నేళ్లలో తీర్చాలనే గడువు సంగతికి వచ్చేసరికి మాత్రం ఎంత ఎక్కువ ఇస్తే అంత మేలనుకుని సంతకం పెట్టేస్తారు. మన దేశంలో ఫ్లోటింగ్ రేటు (మధ్యలో మారుతూ ఉండే వడ్డీ) హోమ్ లోన్ ధరను తేల్చేది ఆ మూడో అంకే. రేటు ఎలాగూ మన చేతిలో ఉండదు. ఈఎంఐ నెలనెలా ఖాతాలోంచి పోతుంది కాబట్టి దాని మీద కన్నుంటుంది. గడువు మాత్రం ఎవరికీ తెలియకుండా పెరిగిపోగలదు. అందుకే ఈ సమీక్షలో మిగతావాటికన్నా గడువు గురించే ఎక్కువ చెబుతున్నాం.

లెక్క కోసం 50 లక్షల అప్పు, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు అనుకుందాం. ఈఎంఐ 43,391 రూపాయలు. 240 నెలలకు కట్టేది మొత్తం 1 కోటి 4 లక్షల 14 వేలు. అంటే వడ్డీయే 54 లక్షల 14 వేలు, తెచ్చుకున్న అసలు కన్నా ఎక్కువ. ఈ సంగతి చాలామందికి తెలుసు. ఆ వడ్డీ ఏ నెలల్లో ఎంతెంత పోతుందో తెలిసినవాళ్లు తక్కువ.

మొదటి నెల లెక్క చూడండి. 50 లక్షల మీద ఏడాదికి 8.5 శాతం, అందులో పన్నెండో వంతు 35,417 రూపాయలు. కట్టిన 43,391లో ఇది వడ్డీకి పోగా అసలుకు జమయ్యేది 7,974 మాత్రమే. రెండో నెల వడ్డీ తగ్గేది 56 రూపాయలు. ఈ తగ్గుదల నెలనెలా పెరుగుతూ వస్తుంది గానీ మొదట్లో చాలా నెమ్మది. అయిదేళ్లలో 26 లక్షలు కట్టాక కూడా బాకీ 44 లక్షల 6 వేలు ఉంటుంది. పదేళ్లు పూర్తయ్యాక, అంటే సగం గడువు అయిపోయాక, ఇంకా 35 లక్షలు మిగులుతుంది. ఈఎంఐలో వడ్డీ కన్నా అసలు వాటా ఎక్కువయ్యేది 143వ నెల నుంచి. అప్పు సగానికి, అంటే 25 లక్షలకు దిగేది 13 ఏళ్ల 10 నెలలకు. బ్యాంకు ఇందులో చేసే మాయ ఏమీ లేదు. మిగిలి ఉన్న బాకీ మీద నెల వడ్డీ తీసుకుంటుంది, అంతే. బాకీ పెద్దగా ఉన్నన్నాళ్లూ వడ్డీ కూడా పెద్దగానే ఉంటుంది.

దీన్ని ఎవరికి వారు సరిచూసుకోవచ్చు. ఎక్సెల్‌లో నాలుగు కాలమ్‌లు చాలు. మొదటిది నెల మొదట్లో బాకీ. రెండోది వడ్డీ, అంటే ఆ బాకీని రేటుతో గుణించి 12తో భాగించినది. మూడోది అసలు, ఈఎంఐలోంచి ఆ వడ్డీ తీసేస్తే వచ్చేది. నాలుగోది బాకీలోంచి అసలు తీసేస్తే మిగిలేది. ఆ నాలుగోదే కింది వరసలో మొదటిదవుతుంది. వరసలను కిందికి లాగితే బాకీ సున్నా అయ్యే చోట లోన్ ముగుస్తుంది. బ్యాంకు ఇచ్చే రీపేమెంట్ షెడ్యూల్‌తో ఇది రూపాయల తేడాలో సరిపోవాలి. రేటు మారిన నెలలో కొత్త రేటు వేసి మళ్లీ లాగండి. కొత్త గడువు మీ కళ్ల ముందే తేలుతుంది.

గడువును అటూ ఇటూ జరిపితే ఏమవుతుందో చూద్దాం. అదే 50 లక్షలు, అదే రేటు. 15 ఏళ్లకు ఈఎంఐ 49,237, మొత్తం వడ్డీ 38 లక్షల 63 వేలు. 25 ఏళ్లకు 40,261, వడ్డీ 70 లక్షల 78 వేలు. 30 ఏళ్లకు 38,446, వడ్డీ 88 లక్షల 40 వేలు. 20 నుంచి 30కి వెళ్తే నెలకు మిగిలేది 4,945 రూపాయలు, దానికి బదులుగా అదనంగా కట్టే వడ్డీ 34 లక్షల పైచిలుకు. 20 నుంచి 15కి దిగితే నెలకు 5,846 ఎక్కువ కట్టి పదిహేనున్నర లక్షలు ఆదా చేసుకోవచ్చు. ఇరవై దాటాక గడువు పెంచితే ఈఎంఐలో దొరికే ఊరట ఏ ఏటికాయేడు తగ్గిపోతుంది, వడ్డీ మాత్రం తగ్గదు. మా అభిప్రాయంలో 30 ఏళ్ల గడువు ఒక్క సందర్భంలోనే సమంజసం. మొదటి రెండు మూడేళ్లు చేతిలో డబ్బు ఆడక, ఆ తర్వాత తప్పకుండా పార్ట్ పేమెంట్లు (ఈఎంఐ కాకుండా అసలుకు అదనంగా కట్టేవి) కట్టేస్తామని గట్టిగా అనుకున్నవాళ్లకు అది పనికొస్తుంది.

ఒక మాట న్యాయంగా చెప్పాలి. ఇరవై ఏళ్ల తర్వాత కట్టే 43 వేలకూ, ఈరోజు కట్టే 43 వేలకూ విలువ ఒకటి కాదు. ధరలు పెరుగుతాయి, జీతాలూ పెరుగుతాయి. కాబట్టి 54 లక్షల వడ్డీ అనగానే బెంబేలెత్తాల్సిన పని లేదు. ఇంకో రకంగా చూడండి. ముందుగా కట్టే ప్రతి రూపాయి మీదా 8.5 శాతం మిగులుతుంది, దాని మీద ఆదాయపు పన్ను లేదు. మీ ఫిక్స్‌డ్ డిపాజిట్ పన్ను పోగా అంత ఇస్తోందా? ఇవ్వడం లేదంటే అత్యవసరానికి ఆరు నెలల ఖర్చు పక్కన పెట్టుకుని, మిగిలినది లోన్‌కే కట్టడం తెలివైన పని.

ఇక ఫ్లోటింగ్ రేటు దగ్గరికి వద్దాం. ఈ లోన్‌లో ఎక్కువమందికి దెబ్బ తగిలేది ఇక్కడే. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ రేటు హోమ్ లోన్లను బయటి ప్రామాణిక రేటుకు ముడిపెట్టాలని రిజర్వు బ్యాంకు నిబంధన పెట్టింది. దాదాపు అందరూ రెపో రేటునే (రిజర్వు బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటు) ఎంచుకున్నారు. రెపోకు బ్యాంకు తన స్ప్రెడ్ (తన వంతుగా వేసే అదనపు శాతం) కలిపితే మీ రేటు. కనీసం మూడు నెలలకోసారి రేటును సవరించాలి. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఈ నిబంధన లేదు, వాళ్లు తమ సొంత ప్రైమ్ లెండింగ్ రేటు మీద నడుస్తారు. రెపో తగ్గినా వాళ్ల దగ్గర రేటు ఎప్పుడు తగ్గుతుందో, ఎంత తగ్గుతుందో వాళ్ల ఇష్టం. రెండు చోట్లా రేటు ఒకేలా కనిపిస్తే బ్యాంకు వైపే మొగ్గండి.

2020 మే నుంచి 2022 మే దాకా రెపో 4 శాతం. ఆ తర్వాత ఆరుసార్లు పెరిగి 2023 ఫిబ్రవరికి 6.5కి చేరింది. 2021 మొదట్లో 7 శాతానికి 50 లక్షలు, 20 ఏళ్లకు తీసుకున్నవాళ్ల ఈఎంఐ 38,765. రెండేళ్లకు బాకీ 47 లక్షల 54 వేలు. ఆ రోజున రేటు 9.5 అయింది. నెల వడ్డీ ఎంత? 37,632. ఈఎంఐ మార్చకపోతే అసలుకు జమయ్యేది నెలకు 1,133 రూపాయలు. మిగిలిన గడువు 18 ఏళ్లు కాస్తా సుమారు 37 ఏళ్లకు సాగుతుంది. అదే 18 ఏళ్లలో ముగించాలంటే ఈఎంఐ 46,010 కావాలి, అంటే నెలకు 7,245 అదనం. ఇది కష్టమే, కాదనం. కానీ అదే రేటు ఉన్నంతకాలం ఈ రెండు దారులకూ తేడా దాదాపు 74 లక్షలు. నిజానికి 37 ఏళ్లు ఏ బ్యాంకూ ఇవ్వదు. ఉద్యోగ విరమణ వయసు అడ్డొస్తుంది, అప్పుడు ఈఎంఐ కూడా పెంచుతుంది. అయితే వయసు పరిమితి దాకా గడువును సాగదీయడమే అప్పట్లో చాలా చోట్ల జరిగింది. వచ్చిన ఎస్ఎంఎస్‌లో రేటు మారిందని ఉంటుంది, మిగిలిన నెలలు ఎన్నయ్యాయో వెతికి చూసుకోవాలి.

ఈ సమస్యపైనే రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టు 18న ఒక సర్క్యులర్ ఇచ్చింది. రేటు సవరించినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంచెం కొంచెంగానా అని అప్పు తీసుకున్నవాళ్లను అడగాలి. కొంతగానీ మొత్తంగానీ ముందే కట్టేసే వీలుండాలి. బ్యాంకు విధానం ప్రకారం ఫిక్స్‌డ్ రేటుకు మారే అవకాశం ఇవ్వాలని కూడా అప్పట్లో చెప్పింది, 2025 అక్టోబరు నుంచి అది బ్యాంకు ఇష్టానికి వదిలేసింది. గడువు పెంచడం వల్ల బాకీ తగ్గకపోగా పెరిగే పరిస్థితి రాకుండా చూసుకోవాలి. మూడు నెలలకోసారి స్టేట్‌మెంట్ ఇవ్వాలి. అందులో ఇప్పటిదాకా వసూలైన అసలు, వడ్డీ, ఈఎంఐ మొత్తం, మిగిలిన ఈఎంఐల సంఖ్య, వార్షిక రేటు ఉండాలి. మిగిలిన ఈఎంఐల సంఖ్య ఉన్న ఆ ఒక్క గడినైనా తప్పకుండా చూడండి. గత స్టేట్‌మెంట్ కన్నా మూడు తగ్గాలి. తగ్గలేదంటే, ఇంకా పెరిగిందంటే, గడువు పొడిగించారన్నమాట. వెంటనే బ్రాంచికి ఈఎంఐ పెంచమని రాతపూర్వకంగా అడగాలి, రసీదు తీసుకోవాలి.

రేటు తగ్గినప్పుడు దీనికి రివర్స్. 2025 ఫిబ్రవరి నుంచి జూన్ లోపు రెపో ఒక శాతం తగ్గింది. అలాంటప్పుడు ఈఎంఐ తగ్గించమని అడగకుండా పాత ఈఎంఐనే కొనసాగిస్తే నెలలు వాటంతట అవే తెగిపోతాయి. 44 లక్షల 6 వేల బాకీ, 180 నెలలు ఉన్నచోట 8.5 నుంచి 8కి దిగిందనుకోండి. ఈఎంఐ తగ్గించుకుంటే నెలకు 1,282 మిగులుతుంది, 15 ఏళ్లలో 2 లక్షల 31 వేలు. అదే ఈఎంఐ కడితే లోన్ పది నెలలు ముందే తీరుతుంది, మిగిలేది 4 లక్షల 30 వేలు.

స్ప్రెడ్ సంగతి కూడా గమనించాలి. కొత్తగా వచ్చేవాళ్లకు బ్యాంకులు తక్కువ స్ప్రెడ్ ఇస్తుంటాయి, పాతవాళ్లది ఒప్పందంలో ఉన్నదే ఉంటుంది. మీ బ్యాంకు వెబ్‌సైట్‌లో కొత్త రేటు చూసి, మీ రేటు అంతకన్నా అర శాతం ఎక్కువుంటే కన్వర్షన్ ఫీజు (అదే బ్యాంకులో కొత్త రేటుకు మారడానికి కట్టేది) ఎంతో అడగండి. చాలాసార్లు కొన్ని వేలతో పని అయిపోతుంది. బ్యాంకే మారడం కన్నా ఇది చవక. ఎందుకంటే మారితే కొత్త బ్యాంకు ప్రాసెసింగ్ ఫీజు, లీగల్, వాల్యుయేషన్ చార్జీలు, ఎంఓడీ (ఇంటి పత్రాలు బ్యాంకుకు తాకట్టు పెట్టినట్టు రాసే పత్రం) రిజిస్ట్రేషన్ మళ్లీ మొదటి నుంచీ పడతాయి.

బ్యాలెన్స్ ట్రాన్స్‌ఫర్‌లో, అంటే బాకీని వేరే బ్యాంకుకు మార్చుకోవడంలో, ఇంకో ఉచ్చు ఉంది. పైన చెప్పిన 44 లక్షల బాకీనే కొత్త బ్యాంకు 8 శాతానికి తీసుకుని, గడువును మళ్లీ 20 ఏళ్లు చేస్తుంది. ఈఎంఐ 43,391 నుంచి 36,856కి పడిపోతుంది. చూడ్డానికి బాగుంటుంది. పాత బ్యాంకులో మిగిలిన 180 నెలలకు కట్టాల్సింది 78 లక్షల 10 వేలు. కొత్త చోట 240 నెలలకు కట్టేది 88 లక్షల 45 వేలు. రేటు తగ్గి కూడా పది లక్షలకు పైగా ఎక్కువ కడుతున్నాం. బ్యాంకు మారాల్సి వస్తే మిగిలిన నెలలకు మించకుండా గడువు అడగాలి. ఆ అంకె శాంక్షన్ లెటర్‌లో కనబడేదాకా సంతకం పెట్టకూడదు.

ముందుగా కట్టడం గురించి. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ రేటు హోమ్ లోన్‌ను ముందే తీర్చేస్తే పెనాల్టీ వేయకూడదని 2012 జూన్‌లోనే రిజర్వు బ్యాంకు చెప్పింది. ఈ లోన్‌లో ఉన్న గొప్ప సుగుణం ఇదే, వాడుకునేవాళ్లే తక్కువ. ఫిక్స్‌డ్ రేటు లోన్లకు ఈ రక్షణ ఇలా వర్తించదు, ఒప్పందంలో ఎంత శాతం రాసుకున్నారో చూసుకోవాలి.

ఎప్పుడు కడతామన్నది ఎంత కడతామన్నంత ముఖ్యం. మన 50 లక్షల లోన్‌లో మొదటి ఏడాది చివర 2 లక్షలు అదనంగా కడితే 21 ఈఎంఐలు తగ్గుతాయి. కట్టిన 2 లక్షలు పోను మిగిలేది 7 లక్షలకు పైనే. అదే 2 లక్షలు పదేళ్ల తర్వాత కడితే తగ్గేవి 10 ఈఎంఐలు, మిగిలేది రెండున్నర లక్షలు. బోనస్ రాగానే కట్టేయాలనడం అందుకే. ఏటా ఒక ఈఎంఐ అదనంగా కడుతూ పోతే లోన్ 16 ఏళ్ల 9 నెలలకు ముగుస్తుంది, 10 లక్షలకు పైగా ఆదా. ఏటా ఈఎంఐని 5 శాతం పెంచుకుంటూ వెళ్తే 12 ఏళ్ల 3 నెలల్లోనే తీరుతుంది, మొత్తం వడ్డీ 34 లక్షల 60 వేలకు దిగుతుంది. అయితే పదమూడో ఏట ఈఎంఐ దాదాపు 78 వేలవుతుంది. జీతం అదే వేగంతో పెరగకపోతే మధ్యలో ఆపేయొచ్చు, నష్టమేమీ లేదు. అప్పటిదాకా కట్టినదాని ఫలం ఎటూ పోదు.

పార్ట్ పేమెంట్ చేసేటప్పుడు జరిగే పొరపాటు ఒకటుంది. డబ్బు జమ చేసి ఊరుకుంటే కొన్ని చోట్ల గడువు అలాగే ఉంచి ఈఎంఐ తగ్గించేస్తారు. అప్పుడు ఆదా సగం కూడా మిగలదు. "ఈఎంఐ మార్చవద్దు, గడువు తగ్గించండి" అని దరఖాస్తులో రాయాలి, కొత్త షెడ్యూల్ తీసుకుని చివరి ఈఎంఐ తేదీ ముందుకు జరిగిందో లేదో చూడాలి. యాప్‌లో కట్టేటప్పుడు అది ముందస్తు ఈఎంఐగా కాకుండా అసలుకే జమయ్యే ఆప్షన్ ఎంచుకోవాలి. ముందస్తు ఈఎంఐగా పడితే బాకీ వెంటనే తగ్గకపోవచ్చు.

చేతిలో డబ్బు వస్తూ పోతూ ఉండేవాళ్లకు, వ్యాపారాలు చేసేవాళ్లకు ఓవర్‌డ్రాఫ్ట్ తరహా హోమ్ లోన్ నప్పుతుంది. స్టేట్ బ్యాంకు మ్యాక్స్‌గెయిన్ ఈ కోవలోదే. మిగులు డబ్బు ఆ ఖాతాలో పెడితే అంత మేర వడ్డీ పడదు, కావాల్సినప్పుడు తీసుకోవచ్చు. సాధారణ లోన్ కన్నా రేటు కొంచెం ఎక్కువ ఉంటుంది. పావు శాతం ఎక్కువనుకుంటే 50 లక్షల మీద మొదటి ఏడాది అదనపు భారం 12,500. దాన్ని పూడ్చాలంటే 8.75 శాతం దగ్గర ఏడాది పొడుగునా సగటున లక్షా 43 వేలు ఖాతాలో నిలవ ఉండాలి. అంత ఉంచలేనివాళ్లకు మామూలు లోనే నయం.

మొదట్లోనే చేరే చిన్న ఖర్చుల్లో ఒకదాని మీద మాత్రం గట్టిగా నిలబడాలి, అది బీమా. లోన్‌తో పాటు ఒకేసారి ప్రీమియం కట్టే పాలసీని అంటగట్టి, ఆ మొత్తాన్ని అప్పులోనే కలిపేస్తారు. లక్ష రూపాయల ప్రీమియం 8.5 శాతానికి 20 ఏళ్లు తిరిగితే కట్టేది 2 లక్షల 8 వేలు. కుటుంబానికి రక్షణ కావాల్సిందే. దానికి విడిగా టర్మ్ పాలసీ తీసుకుంటే బ్యాంకు మారినా, లోన్ తీరినా అది మీతోనే ఉంటుంది. 2024 అక్టోబరు 1 నుంచి కొత్త లోన్లకు కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ (లోన్ షరతులు, ఖర్చులు ఒకచోట చూపే పత్రం) ఇవ్వడం తప్పనిసరి. అందులో ఏపీఆర్ (ఏడాదికి పడే మొత్తం ఖర్చు శాతం) అని ఉండే అంకెలో ప్రాసెసింగ్ ఫీజుతో పాటు బ్యాంకు వసూలు చేసే బీమా, లీగల్ చార్జీలు కూడా కలిసి ఉంటాయి. రెండు బ్యాంకులను పోల్చేటప్పుడు వడ్డీ రేటును వదిలి ఈ అంకెను చూడండి.

నిర్మాణంలో ఉన్న ఫ్లాట్ కొంటే ప్రీ-ఈఎంఐ ఉంటుంది. బిల్డరుకు విడుదలైన మొత్తం మీద వడ్డీ మాత్రమే కడుతుంటాం, అసలు ఒక్క రూపాయి తగ్గదు. రెండేళ్ల పాటు సగటున 25 లక్షలు విడుదలై ఉంటే అలా పోయేది 4 లక్షల 25 వేలు, ఆ తర్వాత 20 ఏళ్లు మొదలవుతాయి. స్తోమత ఉంటే మొదటి విడత నుంచే పూర్తి ఈఎంఐ అడగండి. వడ్డీ డబ్బు అందిన రోజు నుంచే పడాలి గానీ చెక్కు మీద తేదీ నుంచి కాదని 2024 ఏప్రిల్‌లో రిజర్వు బ్యాంకు స్పష్టం చేసింది. బిల్డరు ఖాతాలో జమైన తేదీని మొదటి స్టేట్‌మెంట్‌తో సరిపోల్చుకోండి.

పన్ను మినహాయింపు కోసం లోన్ ఉంచుకోవాలనే సలహా పాతబడింది. సొంతంగా ఉండే ఇంటికి వడ్డీ మీద ఏడాదికి 2 లక్షల దాకా మినహాయింపు పాత పన్ను విధానంలోనే ఉంది, కొత్త విధానంలో లేదు. మన ఉదాహరణలో మొదటి ఏడాది వడ్డీ 4 లక్షల 21 వేలు. 30 శాతం స్లాబులో ఉన్నా, సర్‌చార్జి పడనివాళ్లకు పన్నులో తగ్గేది సెస్సుతో కలిపి గరిష్ఠంగా 62,400.

అన్నీ చూశాక మా తీర్పు ఇది. రెపోతో ముడిపడిన బ్యాంకు లోన్, 20 ఏళ్లకు మించని గడువు, ఏటా ఒక అదనపు ఈఎంఐ, బీమా విడిగా. ఈ నాలుగూ కుదిరితే సొంతింటికి మన దగ్గర ఇంతకన్నా చవకైన అప్పు దొరకడం కష్టం. 30 ఏళ్ల గడువు, హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ సొంత రేటు, అప్పులో కలిపిన బీమా ఒకచోట చేరితే అదే ఇల్లు లక్షలకు లక్షలు ఎక్కువ పడుతుంది.

లోన్ తీరిన రోజున పని ఇంకా ఉంటుంది. మొత్తం కట్టేశాక 30 రోజుల్లో ఒరిజినల్ డాక్యుమెంట్లు తిరిగివ్వాలి. బ్యాంకు వైపు నుంచి ఆలస్యమైతే రోజుకు 5,000 చొప్పున పరిహారం ఇవ్వాలని 2023 డిసెంబరు 1 నుంచి నిబంధన ఉంది. లోన్ తీసుకున్నప్పుడు ఇచ్చిన డాక్యుమెంట్ల జాబితా దగ్గర పెట్టుకుని లింక్ డాక్యుమెంట్లతో (ఆ ఆస్తి పాత యజమానుల పత్రాలు) సహా ఒక్కొక్కటీ సరిచూసుకోండి. ఎన్ఓసీ (బాకీ ఏమీ లేదని బ్యాంకు ఇచ్చే పత్రం) తీసుకోండి. ఎంఓడీ రిజిస్టర్ అయి ఉంటే సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో దాని రద్దు కూడా రిజిస్టర్ చేయించి, కొత్త ఈసీలో (ఆస్తి మీద ఉన్న లావాదేవీలు చూపే పత్రం) అది ఎక్కిందో లేదో చూడండి. సెర్సాయ్‌లో (తాకట్టులు నమోదయ్యే కేంద్ర రిజిస్ట్రీ) మీ ఇంటి మీద బ్యాంకు చార్జి తీసేశారా అని బ్యాంకును అడగండి, నెలా రెండు నెలల తర్వాత సిబిల్ రిపోర్టులో ఆ లోన్ "క్లోజ్‌డ్" అని పడిందో లేదో చూసుకోండి.